మక్కబెండ్ల పొగ

చిలుకమ్మ పెద్దమ్మ శనివారం పొద్దున బండికి స్టేషన్ ఘన్‌పూర్‌లో ఉన్న కూతురింటికి పోతుందని, మర్నాడు గానీ తిరిగి రాదని తెలిశాకే నేను పంది మాంసం తెప్పించాను. ఈ మాట చెప్పుకోవడానికి నాకు సిగ్గుగానే ఉంది. మా ఇంట్లో మేం ఏం తినాలో పక్కింటావిడ రైలు టైము చూసి తేల్చుకోవడం ఏమిటని ఒళ్ళు మండుతుంది కూడా. కానీ పెద్దమ్మను పోగొట్టుకోవడం నా వల్ల కాదు.

పెళ్ళయిన పదకొండేళ్ళలో మట్టెవాడలో మూడు అద్దె ఇళ్ళు మారాం. ఇల్లు చూడడానికి పోతే మొదటి ప్రశ్న ‘మీరేంటోళ్ళు?’ అని, రెండోది ‘ఏం తింటరు?’ అని. మొదటిదానికి సాల్మన్ అనే నా భర్త పేరే జవాబు చెప్పేసేది. రెండోదానికి నేను చెప్పేదాన్ని. ‘కోడి, మేక. అదీ ఆదివారమే.’ పంది కూర వండిన రోజున కిటికీలకు దుప్పట్లు కట్టి, కుక్కర్ విజిల్ వేయకముందే దించి, గుమ్మంలో ఊదుబత్తులు ముట్టించేవాళ్ళం. ఆదివారం చర్చికి పోయే ఇంట్లో ఇన్ని ఊదుబత్తులెందుకని ఎవరూ అడగలేదు. మూడో ఇంటి యజమానురాలు మాత్రం ఒకరోజు గుమ్మంలో నిలబడి ముక్కు ఎగబీల్చింది. నెల తిరక్కుండా ఖాళీ చేయించింది.

పోయినేడు ధర్మసాగర్ పోయే దారిలో చిన్న జాగా కొని రెండు గదులు వేసుకున్నాం. సామాను దింపిన రోజే పక్కింటి చిలుకమ్మ గోడ మీదుగా తొంగిచూసి, “ఏం తింటరు బిడ్డా?” అనడిగింది. అలవాటు కొద్దీ నా నోట్లోంచి అదే పాఠం వచ్చేసింది. కోడి, మేక. ఆమె అడిగింది ఇల్లు ఇవ్వడానికి కాదు, ఆ పూటకు చిక్కుడుకాయ కూర పంపాలా, చెరువు చేపల పులుసు పంపాలా అని తెలుసుకోవడానికి. ఆ సంగతి గిన్నెడు చేపల పులుసు వచ్చాక గానీ నాకు అర్థం కాలేదు. అప్పటికే అబద్ధం ఆడేశాను, ఇక వెనక్కి తీసుకోవడానికి మొహం చెల్లలేదు. పది నెలలు అట్లాగే గడిచిపోయాయి.

పెద్దమ్మకు అరవై దాటాయి. భర్త లేడు. ఊరవతల రెండెకరాల మక్కచేను, అదే మొక్కజొన్న చేను, ఉంది, దాన్ని తనే చూసుకుంటుంది. వాళ్ళింట్లో పంది అనే మాటే నోట పలకరు. అడవిపందులు చేనులో పడి కంకులన్నీ తొక్కేసిన రోజున కూడా ఆమె ‘అవి పడ్డయి బిడ్డా, సగం చేను ఆగమైంది’ అనే అంది. పేరెత్తితే నోరు కడుక్కోవాలన్నట్టు ఉంటుంది ఆ ‘అవి’ అనడం. ఇక నేను నిజం ఎట్లా చెప్పేది?

నాకు ఆరేళ్ళప్పుడు అమ్మ పోయింది. అమ్మమ్మ సమ్మమ్మ దగ్గర నాలుగేళ్ళు పెరిగాను, తర్వాత అంతా హాస్టలే. అక్కడ అందరం రోల్ నంబర్లమే. ఇప్పుడు జాకెట్లు కుట్టించుకోవడానికి వచ్చేవాళ్ళకు నేను టైలరమ్మను. మా నవ్య కూడా హాస్టల్లోనే చదువుతోంది కాబట్టి అమ్మా అనే పిలుపు కూడా ఫోన్లోనే. పెద్దమ్మ ఒక్కతే ఎదురుగా నిలబడి నన్ను బిడ్డా అంటుంది. ఆ మాట కోసం నేను రోజుకు రెండుసార్లు పని లేకున్నా గోడ దగ్గరికి పోతాను. నిజం తెలిస్తే ఆ పిలుపు పోతుందని నా భయం. నవ్వితే నవ్వండి.

మరి అంత భయమున్నదానివి తినకుండా ఉండొచ్చు కదా అంటారేమో. ఉండొచ్చు. కానీ ఈ చలికాలం మొదలైన దగ్గర్నుంచీ నాకు అమ్మమ్మ పొయ్యి కలలోకి వస్తోంది. వానాకాలంలో ఎండ ఉండదు కాబట్టి అమ్మమ్మ పంది జబ్బ ముక్కల్ని పొడుగ్గా కోసి, ఉప్పూ పసుపూ పట్టించి, పొయ్యి మీద దండెం కట్టి వేలాడదీసేది. జబ్బ అంటే ముందుకాలు పైభాగం. నరం ఎక్కువ, నమలడానికి పళ్ళు కావాలి, అందుకే అన్నిటికన్నా చవక. పొగ తాకి తాకి అవి కుంకుడుకాయ రంగుకు వచ్చేవి. నేను కింద పడుకుని వాటిని చూస్తూ నిద్రపోయేదాన్ని. కలలో కూడా అంతే. ముక్కలు మెల్లగా ఊగుతుంటాయి, అమ్మమ్మ వెనక్కి తిరక్కుండా పొయ్యి ఊదుతూ ఉంటుంది, మొహం మాత్రం చూపించదు. మేల్కొన్నాక నా జుట్టుకు పొగ వాసన ఉందేమోనని చూసుకునేదాన్ని. అద్దె ఇళ్ళల్లో కూరైతే దాచి వండుకోగలిగాం గానీ ఆరేడు గంటల పొగను ఏ కిటికీ వెనక దాస్తాం? ఇప్పుడు సొంత వాకిలి ఉంది.

శుక్రవారం సాయంత్రం సాల్మన్ రైలు పట్టాల అవతలి రాయమల్లు దగ్గర జబ్బ తెచ్చాడు. తోలుతోనే ఉంచి అరచేతి వెడల్పు ముక్కలు కోశాను. ఉప్పు, పసుపు, దంచిన వెల్లుల్లి, కాస్త బెల్లం కలిపిన నీళ్ళలో రాత్రంతా నానబెట్టి, పొద్దున తుడిచి ఆరబెట్టాను. సాల్మన్ పాత ఇనుప డ్రమ్ము ఒకటి తెచ్చి లోపల బాగా కాల్చి శుభ్రం చేశాడు. కింద గాలికి బొక్క పెట్టి, పైన రెండు సలాకలు అడ్డంగా వేశాడు. సైకిల్ చక్రం పుల్లలు వంచి కొక్కేలు చేశాడు. కట్టె సంగతి నేను చూసుకున్నాను. పత్తికట్టె ఊరంతా దొరుకుతుంది గానీ దాని మీద కొట్టిన మందులు తలుచుకుంటే భయం. వేప కట్టె చేదు. పెద్దమ్మ నీళ్ళు కాచుకోమని ఇచ్చిన మక్కబెండ్లు రెండు బస్తాలు ఉన్నాయి. గింజలు ఒలిచిన ఆ బెండ్లు మంట రాకుండా రాజుకుంటాయి, పొగ తియ్యగా ఉంటుంది. ఆమె చేతి బెండ్లతోనే ఆమెకు తెలియకుండా ఈ పని చేస్తున్నానని కాస్త గుచ్చుకుంది. అయినా చేశాను.

ఏడింటికి పెద్దమ్మ సంచి పట్టుకుని పోవడం కళ్ళారా చూసి, అప్పుడు నిప్పు రాజేశాను.

మంచు ఇంకా విడవలేదు. డ్రమ్ము మూత పక్కల నుంచి తెల్లటి పొగ సన్నగా వచ్చి, ఎటు పోవాలో తెలియనట్టు కాసేపు వాకిట్లోనే తిరిగి, మంచులో కలిసిపోయేది. ఏది పొగో ఏది మంచో తెలిసేది కాదు. కుర్చీ వేసుకుని కూర్చున్నాను. గోడ, గోడ అవతలి జామచెట్టు, దారి, అన్నీ ఒకదాని తర్వాత ఒకటి పోయి మళ్ళీ వచ్చేవి. వాసన మెల్లగా మారింది. మొదట ఉత్త కట్టె వాసన, తర్వాత తడి మట్టి వాసన, ఆ తర్వాత కొవ్వు కరిగి బెండ్ల మీద పడి చుయ్యిమన్నప్పుడు నేను వెతుక్కుంటున్న వాసన. పదేళ్ళ వయసుదాన్ని అయిపోయాను. ఎండెక్కింది, వీపు వెచ్చబడింది, కళ్ళు మూతపడ్డాయి.

కలలో అమ్మమ్మ పొయ్యి ఊదుతోంది. ఈసారి కచ్చితంగా వెనక్కి తిరుగుతుందనిపించింది. తిరిగింది కూడా, సగం. అంతలో ఎవరో నా గొంతులో చెయ్యి పెట్టి నులిమినట్టయింది.

దగ్గుతూ లేచాను. కళ్ళు తెరవలేకపోయాను. ముక్కులో నిప్పులు. అవతల సాల్మన్ రెండు మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని దగ్గుతున్నాడు.

“ఏం జేసినవయ్యా?”

“పొగంత... బయటికే పోతాంది గదా అని... సంచి తడిపి మూత మీద కప్పిన.”

“ఏం సంచి?”

జవాబు చెప్పడానికి అతనికి రెండు దగ్గులు పట్టాయి. “మిర్చి సంచి.”

సాల్మన్ ఎనుమాముల మార్కెట్లో ట్రాలీ ఆటో నడుపుతాడు. సీజన్లో మిర్చి బస్తాలే తోలుతాడు. మా ఇంట్లో గోనెసంచి అంటే అది మిర్చి సంచే. మూతకు అంటిన చోట తడి ఆరిపోయి, సంచి కమరడం మొదలైంది. నెలలు నెలలుగా దాన్లో ఇంకిన ఘాటంతా ఒకేసారి లేచింది.

“నీ తెలివికి దండం బెట్టాలె!” అని అరిచాను. అరుపు కూడా దగ్గుగానే బయటికి వచ్చింది.

గల్లీ గల్లీ అంతా తలుపులు తెరుచుకున్నాయి. ఎదురింటి ఓంప్రకాశ్ ముక్కుకు తువ్వాల అడ్డం పెట్టుకుని పరుగెత్తుకొచ్చాడు.

“అక్కా, దిష్టి తీత్తానరా? ఎవరికక్కా? ఊరందరికీ ఒక్కపాలే తీసినట్టున్నరు గదా!”

అవునన్నట్టు తలూపాను. చర్చికి పోయేవాళ్ళం, మిరపకాయలు కాల్చి దిష్టి తీస్తున్నామన్న పేరు కూడా ఆ పూట వచ్చేసింది. అంతలో కళ్ళల్లోంచి ధారలు కారుతున్న నాకు, గేటు దగ్గర, చేతిలో సంచితో, కొంగు మొహానికి అడ్డం పెట్టుకున్న పెద్దమ్మ కనిపించింది.

“ఏం గాలిందే బిడ్డా? ఏం గాలేదు గదా మీకు?”

“నువ్వు ఘన్‌పూర్ పోలేదా పెద్దమ్మా?”

“బండెక్కే యాల్లకు బిడ్డ ఫోన్ జేసింది. ఆళ్ళేదో పెండ్లికి పోతాన్రట. మర్లి అచ్చిన.” మాట్లాడుతూనే సంచి కింద పెట్టి, కర్ర ఒకటి అందుకుని, మూత మీద కమురుతున్న గోనెను లాగి నీళ్ళ తొట్టిలో పడేసింది. చుయ్యిమని ఆవిరి లేచింది. “జర దూరం జరుగుండ్రి. గాలికి పోతది. ఫికర్ జెయ్యకుండ్రి.”

నిజంగానే పోయింది. జనం కూడా తుమ్ముకుంటూ నవ్వుకుంటూ ఇళ్ళల్లోకి పోయారు. పెద్దమ్మ పోలేదు. డ్రమ్ము చుట్టూ ఒకసారి తిరిగింది.

“లోపల ఏందే?”

సాల్మన్ నోరు తెరవకముందే నేను అనేశాను. “మేక.”

ఆమె కొంగుతో మూత పట్టుకుని పక్కకు జరిపి చూసింది. “మేకనా? గింత గింత ముక్కలా?”

“పోతు పెద్దమ్మా. పెద్ద పోతు.”

“మస్తు ముదిరిన పోతు,” అన్నాడు సాల్మన్. నేను కళ్ళతోనే అతణ్ణి చంపేశాను.

“కొవ్వు బాగనే ఉన్నది,” అని పెద్దమ్మ మూత సర్ది, కింద బొక్కలోంచి లోపలికి చూసి, చల్లారిపోతున్న నిప్పును పుల్లతో కదిలించి, బస్తాలోంచి నాలుగు బెండ్లు తీసి ఒక్కొక్కటే పెట్టింది. “నా మక్కబెండ్లేనాయె. ఒక్కపాలే ఎయ్యద్దు బిడ్డా. ఒకటి కాలినంక ఒకటి ఎయ్యాలె. అప్పుడు పొగ నీ మాటింటది.” తర్వాత నా కుర్చీలో కూర్చుంది. ఇక లేవలేదు.

మధ్యాహ్నమంతా ముగ్గురం ఆ పొగ చుట్టూ కూర్చున్నాం. అంత హాయైన మధ్యాహ్నం నా జీవితంలో ఎన్నడూ లేదు. అంత భయపడిందీ ఎన్నడూ లేదు. రెండూ ఒకేసారి ఎట్లా కుదిరాయో నాకు తెలియదు. ఎండ పలచగా ఉంది. పొగ నేల మీదుగా పాకి పెద్దమ్మ పాదాల దగ్గర చుట్టుకుని పైకి లేచేది. ఆమె కళ్ళు సగం మూసుకుని ఆ పొగను పీలుస్తోంది. అట్లా కూర్చున్న ఆమె కాసేపు చిలుకమ్మ పెద్దమ్మగా, కాసేపు మా అమ్మమ్మగా కనిపించింది. నేను మళ్ళీ నిద్రపోయానేమోనని గిల్లుకున్నాను.

“మా ఆయన చేన్ల గిట్లనే బెండ్లు రాజేసి కంకులు కాల్చేటోడు,” అంది, ఎవరికీ కాదన్నట్టు. “మీద తువ్వాల గిదే వాసనొచ్చేది. ఆయన పోయినంక ఆ తువ్వాల నేను ఉతుకలే. ఆరు నెలలు. రోజూ మొకానికి పెట్టుకునేదాన్ని. ఒకనాడు వాసన పోయింది. ఆయన పోయిన్నాడు ఏడ్వలే గని ఆనాడు ఏడ్సిన.”

సాల్మన్ తల వంచుకుని పుల్లతో నేల మీద గీతలు గీస్తున్నాడు.

“మల్ల ఇయ్యాల వచ్చింది ఆ వాసన,” అంది ఆమె. “మా ఆయన ఆ గోడ పక్కకు నిలవడ్డట్టే ఉన్నది నాకు.”

నాలుగింటికి సాల్మన్ మూత తీశాడు. ముక్కలు కుంకుడుకాయ రంగుకు తిరిగాయి. తోలు గట్టిపడి మెరుస్తోంది. ఒకటి దించి కోస్తే లోపలిదాకా ఉడికి, కత్తి కింద మెత్తగా విడిపోయింది. పసుపు, వెల్లుల్లి, పొగ. స్టీలు పళ్ళెంలో నాలుగు ముక్కలు పెట్టాను. పెద్దమ్మ ఇప్పుడు లేచి వెళ్ళిపోతుందనుకున్నాను. ఈ పది నెలల్లో ఆమె మా ఇంట్లో టీ తాగింది గానీ ఏమీ తినలేదు. ఏం పెట్టబోయినా ‘ఇప్పుడే తిన్న బిడ్డా’ అనేది. ఎందుకో నేను అడగలేదు, ఆమె చెప్పలేదు. ఇద్దరికీ తెలుసు.

“నాకొక ముక్క పెట్టు బిడ్డా,” అంది.

నేను కత్తి పట్టుకుని అట్లాగే ఉండిపోయాను. సాల్మన్ నా వైపు చూశాడు. ఊరుకో అన్నాడు కళ్ళతో. ఊరుకుంటే ఏమవుతుంది? ఆమె తింటుంది. బాగుందంటుంది. భర్తను తలుచుకుంటుంది. రేపు మళ్ళీ గోడ దగ్గర బిడ్డా అంటుంది. ఎవరికీ ఎన్నడూ తెలియదు. చవకగా వచ్చిన జబ్బ ముక్క, మేక పేరు మీద, నాకొక తల్లిని శాశ్వతంగా ఇచ్చేస్తుంది. దేవుని సాక్షిగా చెబుతున్నాను, ఒక నిమిషం పాటు నేను దానికి ఒప్పుకున్నాను.

పళ్ళెం ముందుకు జరిపాను కూడా. ఆమె చిన్న ముక్క తీసుకుని, వేడికి రెండు వేళ్ళ మధ్య మార్చుకుంటూ ఊదింది. నోటి దాకా తీసుకుపోయింది. మా ఇంట్లో ఎన్నడూ ఏమీ తినని మనిషి నన్ను నమ్మి తినబోతోంది. నన్ను నమ్మి.

“పెద్దమ్మా, తినకు.”

“ఏ? కాలుతాందనా?”

“అది మేక గాదు.”

“మరేంది?”

“పంది.”

గల్లీ అంతా వినిపించేంత గట్టిగా అన్నాననుకుంటాను. పదకొండేళ్ళు దాచిన మాట కదా, మెల్లగా ఎట్లా వస్తుంది.

పెద్దమ్మ చేతిలో ముక్క అట్లాగే ఉంది. దాన్ని చూసింది. నన్ను చూసింది. విసిరికొట్టలేదు, పళ్ళెంలో ఒక పక్కగా తిరిగి పెట్టింది.

“వచ్చిన కాడికెల్లి కోడి, మేక అంటివి గదనే.”

“అన్న.”

“ఎందుకన్నవ్?”

“నిజం జెప్తే నువ్వు నన్ను బిడ్డా అని పిలువవని.”

ఆమె మెల్లగా లేచి నల్లా దగ్గరికి పోయింది. సబ్బు తీసుకుని చేతులు కడిగింది. వేళ్ళ సందుల్లో, గోళ్ళ కింద, మోచేతుల దాకా. అంతసేపు కడిగితే నా తోలే పోతున్నట్టుగా ఉంది నాకు. కోపం కూడా వచ్చింది. అంత కడుక్కోవాలా, మేం తినే తిండికి? ఆ కోపం ఎంతోసేపు నిలవలేదు. ఆమె పొద్దున్నుంచీ కింద పెట్టిన సంచి తీసుకుంది. గేటు వైపు నడిచింది. వెనక్కి పిలవాలనుకున్నాను. ఏమని పిలవాలి?

గేటు గడియ దాకా పోయి ఆగింది. తర్వాత సంచి గేటుకు తగిలించి వెనక్కి వచ్చి, కుర్చీలో కాదు, మేం కూర్చున్న చాప మీద కూర్చుంది.

“నేను దాన్ని తిన. ఎన్నడు తినలే, ఇప్పుడూ తిన. చెప్తానా, ఇన్నావా?”

“ఇన్న పెద్దమ్మా.”

“నాకు మస్తు కోపమత్తాంది. ముందుగాల అన్నం పెట్టు. తర్వాత తిడ్త. పొద్దటి సంది టీ మీదనే ఉన్న.”

నేను ఆమె మొహంలోకి చూశాను. విన్నది నిజమో కాదో తెలియలేదు.

“ఏం చూత్తానవ్? అన్నం వండలేదా?”

“వండిన. పచ్చిపులుసు జేసిన.”

“మరింకేంది, తే.”

లోపలికి పోయి అన్నం, పచ్చిపులుసు తెచ్చి ఆమె ముందు పెట్టాను. తొందరలో పులుసు చాప మీద ఒలికింది. సాల్మన్ మాంసం పళ్ళెం పట్టుకుని ఇంటి వెనక్కి పోబోయాడు.

“యాడికి పట్కపోతానవ్?” అంది పెద్దమ్మ.

“నువ్వు తినేదాక లోపల పెడ్త పెద్దమ్మా.”

“సల్లారుతది. కూసోని తినుండ్రి. దినమంత నేనే గదా కాల్చిన.”

ముగ్గురం ఒకే చాప మీద కూర్చున్నాం. ఆమె కాస్త అటు తిరిగి కూర్చుంది, మా పళ్ళెం కనిపించకుండా. కానీ లేచిపోలేదు. డ్రమ్ములోంచి చివరి పొగ సన్నగా వస్తోంది. నేను ముక్క నోట్లో పెట్టుకున్నాను. అమ్మమ్మ చేతి రుచి అవునో కాదో నాకు తెలియనే లేదు, నా కళ్ళన్నీ ఆమె చేతి మీదే ఉన్నాయి. ఆమె అన్నంలో గుంట చేసి, పులుసు పోసుకుని, కలిపి, మొదటి ముద్ద నోట్లో పెట్టుకుంది. నమిలింది. మింగింది. మొహం చిట్లించింది.

“పులుసుల ఉప్పు తక్కువైంది బిడ్డా.”

తెస్తానని లోపలికి పోయి, ఉప్పు డబ్బా పట్టుకుని గోడకు ఆనుకుని ఏడ్చాను. అవతలి నుంచి ఇంకా రాలేదేమని ఆమె కేకేస్తోంది.